జనం నిండుగా వచ్చినా డాన్‌బరీ ట్రాషర్స్ రెండేళ్లకే ఎందుకు మూతపడింది?

అడిగిన ప్రశ్న ఇది: "అమెరికాలో 17 ఏళ్ల కుర్రాడు ఒక ఐస్ హాకీ జట్టును నడిపాడని, దాని వెనక మాఫియా ఉందని ఒక డాక్యుమెంటరీలో చూశాను. అది నిజమేనా, లేక సినిమా కోసం పెంచి చెప్పారా? అంత జనం వస్తుంటే రెండేళ్లకే ఎందుకు మూసేశారు? ఆ కుర్రాడు ఏమయ్యాడు?"

నిజమే. పెంచి చెప్పాల్సిన అవసరం లేని కథ అది. జట్టు పేరు డాన్‌బరీ ట్రాషర్స్. కనెటికట్ రాష్ట్రంలోని డాన్‌బరీ ఊరి జట్టు. 2004 నుంచి 2006 దాకా, రెండంటే రెండే సీజన్లు ఆడింది.

నేను అమెరికా ఈశాన్యంలో ఒక చిన్న ఊరి అరీనాలో టికెట్ల పద్దు, జీతాల పద్దు చాలా ఏళ్లు చూశాను. అది వేరే జట్టు, వేరే లీగు. ఆ అలవాటు వల్ల ఈ కథలో కొట్లాటలకంటే లెక్కలే నా కంటికి ఎక్కువ ఆనతాయి. అందరూ చెప్పే మాఫియా కథ కొంచెం ఆలస్యంగా వస్తుంది, ఓపిక పట్టండి.

ముందు ఈ చిన్న లీగుల సంగతి తెలియాలి. ఐస్ హాకీలో అందరికంటే పైన ఎన్‌హెచ్ఎల్. దాని కింద ఏహెచ్ఎల్, ఆ కింద ఈసీహెచ్ఎల్. ఈ రెండు మెట్ల మీద ఉన్న జట్లలో ఎక్కువవాటికి ఏదో ఒక ఎన్‌హెచ్ఎల్ జట్టుతో ఒప్పందం ఉంటుంది. పైనుంచి కుర్రాళ్లను పంపుతారు, వాళ్ల జీతాలూ పైవాళ్లే చూసుకుంటారు. ఇవి కాక ఎవరి అండా లేని లీగులు కొన్ని పుడుతూ పోతూ ఉంటాయి. ట్రాషర్స్ ఆడిన యునైటెడ్ హాకీ లీగ్ (యూహెచ్ఎల్) అలాంటిది. 1991లో కలోనియల్ హాకీ లీగ్ పేరుతో మొదలై 1997లో ఈ పేరు పెట్టుకుంది. ఫ్లింట్, కలమజూ, మస్కీగన్, ఫోర్ట్ వేన్, రాక్‌ఫర్డ్ లాంటి ఊళ్లు దాని అడ్డాలు. చాలామటుకు ఫ్యాక్టరీ ఊళ్లు. చలికాలం శుక్ర, శని రాత్రుళ్లు జనానికి అదే కాలక్షేపం.

ఇలాంటి జట్టు ఓనరుకు వచ్చేదేమిటి? టికెట్లు, బీరు, జెర్సీలు, గోడల మీద స్థానిక వ్యాపారుల ప్రకటనలు. టీవీ డబ్బు సున్నా. పోయేది మాత్రం ఆగదు: అరీనా అద్దె, బస్సులు, హోటళ్లు, ఆటగాళ్లకు ఇళ్లు, కర్రలు, స్కేట్లు. వీటన్నిటికంటే నడుం విరిచేది గాయాల బీమా. రోజూ ఎవడో ఒకడు కుట్లు వేయించుకునే వృత్తికి బీమా కంపెనీ ఎంత ప్రీమియం అడుగుతుందో ఊహించుకోండి. నేను పద్దు చూసిన రోజుల్లో కొన్ని నెలల్లో ఆ ఒక్క గీత చూసి ఓనరు కళ్లద్దాలు తీసి తుడుచుకునేవాడు. చాలా జట్లు మూడో ఏటికో నాలుగో ఏటికో పోయేది అక్కడే. ఎవరూ పట్టుబడరు, వార్త కూడా రాదు. వేసవిలో ఒక పత్రికా ప్రకటన వస్తుంది, అంతే.

ట్రాషర్స్ మాత్రం ఆ జబ్బుతో పోలేదు.

డాన్‌బరీ న్యూయార్క్ నగరానికి సుమారు 100 కిలోమీటర్ల దూరంలో ఉంది. అప్పటి జనాభా 75 వేలు. ఒకప్పుడు అమెరికాకు టోపీలు కుట్టిన ఊరు, ఇప్పటికీ టోపీల ఊరనే పిలుస్తారు. టోపీల పరిశ్రమ పోయి దశాబ్దాలైంది. ఊళ్లో ఒక ఫెడరల్ జైలు ఉంది, పెద్ద మాల్ ఉంది, ఒక ఐస్ అరీనా ఉంది. జేమ్స్ గలాంటే అక్కడి వ్యాపారి. అందరూ జిమ్మీ అంటారు. చెత్త ఎత్తే వ్యాపారం ఆయనది. ఆటోమేటెడ్ వేస్ట్ డిస్పోజల్‌తో పాటు ఇరవై పైచిలుకు కంపెనీలు, పశ్చిమ కనెటికట్‌లోనూ పక్కనున్న న్యూయార్క్ కౌంటీల్లోనూ ఎటు చూసినా ఆయన లారీలే. ఊళ్లో దానధర్మాలకు పేరున్న మనిషి. పన్ను కేసులో అంతకుముందే ఒకసారి జైలుకెళ్లొచ్చాడు. ఈ రెండూ ఊరికి తెలుసు.

2004లో ఆయన యూహెచ్ఎల్‌లో ఒక జట్టు హక్కులు కొని, హాకీ పిచ్చి ఉన్న కొడుకు ఏజే చేతిలో పెట్టాడు. ప్రెసిడెంటు, జనరల్ మేనేజరు రెండూ వాడే. వయసు 17. వీడియో గేముల్లో జట్టు కట్టుకునే ఈడులో నిజం ఆటగాళ్లకు ఫోన్లు చేసి బేరాలాడాడు. అరీనాకు సీట్లు చాలవని తండ్రి సొంత డబ్బు పోసి సుమారు 3,000 మంది పట్టేలా పెంచాడు. జట్టు పేరు చెత్త వ్యాపారం నుంచే వచ్చింది. లోగోలో కోపంగా చూసే చెత్తడబ్బా, దాని చేతిలో హాకీ కర్ర. ఊరు మొదట నవ్వింది, తర్వాత ఆ బొమ్మ ఉన్న టీషర్టులు కొనుక్కుంది.

వాళ్లకు కాలం కూడా కలిసొచ్చింది. 2004 సెప్టెంబరులో ఎన్‌హెచ్ఎల్ ఓనర్లు ఆటగాళ్లతో జీతాల గొడవ పెట్టుకుని లీగుకు తాళం వేశారు. ఆ సీజన్ మొత్తం రద్దయింది. పెద్ద ఆటగాళ్లు యూరప్ వెళ్లిపోయారు. మిగిలినవాళ్లలో కొందరు ఎక్కడ మంచు దొరికితే అక్కడ దిగారు. అలా వచ్చినవాడే మైక్ రూప్. ఏడాదిన్నర ముందు, ఎన్‌హెచ్ఎల్ విజేతకిచ్చే స్టాన్లీ కప్ 2003 ఫైనల్ ఏడో మ్యాచ్‌లో న్యూజెర్సీ డెవిల్స్‌ను గెలిపించిన గోల్ కొట్టింది అతనే. అలాంటివాడు డాన్‌బరీ చెత్తడబ్బా జెర్సీ వేసుకున్నాడు. మొదటి ఏడాది కోచ్ టాడ్ స్టర్లింగ్. ఆయన తండ్రి స్టీవ్ స్టర్లింగ్ అప్పుడు ఎన్‌హెచ్ఎల్‌లో న్యూయార్క్ ఐలాండర్స్ కోచ్. కుర్ర మేనేజరు ఆటలా మొదలుపెట్టినా పనివాళ్లను మాత్రం ఆషామాషీగా తీసుకోలేదు.

ఇక కొట్లాటలు. ఏజేకు ప్రొఫెషనల్ రెజ్లింగ్ అంటే ప్రాణం. తన జట్టు అందరూ తిట్టుకునే విలన్ల గుంపులా ఉండాలని మొదటి రోజు నుంచే అనుకున్నాడు. బ్రాడ్ వింగ్‌ఫీల్డ్, రూమన్ ఎన్‌డూర్, రెండో ఏడాది జాన్ మిరాస్టీ లాంటివాళ్లను ఏరి తెచ్చాడు. మిరాస్టీ కెనడాలోని క్రీ ఆదివాసి. పొట్టివాడు. తనకంటే తలెత్తున్నవాళ్లతో తలపడి నవ్వుతూ పెనాల్టీ బాక్సులోకి, అంటే తప్పు చేసినవాణ్ని కూర్చోబెట్టే చోటికి, వెళ్లేవాడు.

చూడనివాళ్లకు ఒక మాట చెప్పాలి. ఐస్ హాకీలో కొట్లాట తప్పే, కానీ ఆ తప్పుకు ఒక పద్ధతుంది. ఇద్దరు ఎదురుపడతారు, ఏదో ఒక మాట అనుకుంటారు, కర్రలూ గ్లవ్సూ మంచు మీద పారేస్తారు. ఎడమ చేత్తో ఎదుటివాడి జెర్సీని మెడ దగ్గర బిగించి పట్టుకుంటారు. స్కేట్ల మీద నిలబడి గుద్దాలంటే ఏదో ఒక పట్టు ఉండాలి, లేకపోతే తన గుద్దుకు తనే జారిపడతాడు. కుడి చేత్తో వరసగా గుద్దులు. లైన్స్‌మన్లు, అంటే సహాయ రిఫరీలు, రెండడుగుల దూరంలో కాచుకుని ఉంటారు. ఒకడు కింద పడగానే మీద పడి విడదీస్తారు. చెరో ఐదు నిమిషాలు పెనాల్టీ బాక్స్. మంచును నునుపు చేసే జమ్‌బోనీ బండి రాకముందే రక్తపు మరకను పారతో గీకేసి ఆట మొదలుపెడతారు. డాన్‌బరీలో ఇది రాత్రికి ఒకసారి కాదు. 102వ సెక్షన్‌లో కూర్చునే అభిమానుల గుంపు మొత్తం దీనికోసమే వచ్చేది. ప్రత్యర్థి గోల్‌కీపరు తల్లిదండ్రుల దగ్గర్నుంచి మొదలుపెట్టి తిట్టేవాళ్లు. లీగు నుంచి హెచ్చరికలు, జరిమానాలు మామూలైపోయాయి. ఒక మ్యాచ్‌లో ఓనరే లైన్స్‌మన్‌ను కొట్టాడన్న ఆరోపణ కూడా వచ్చింది.

అయితే చాలామంది మరిచిపోయే విషయం ఒకటుంది. ఇది కొట్లాటల జట్టు మాత్రమే కాదు, బాగా ఆడిన జట్టు. రెండో సీజన్‌లో, 2005-06లో, కోచ్ పాల్ గిల్లిస్ చేతికింద ఫైనల్ దాకా వెళ్లి లీగు విజేతకిచ్చే కలోనియల్ కప్ కోసం కలమజూ వింగ్స్‌తో ఆడి ఓడిపోయింది. పుట్టిన రెండో ఏడే ఫైనల్. గూండాలను పోగేసినంత మాత్రాన అది కాదు. దానికి గోల్స్ కొట్టేవాళ్లు కావాలి, వాళ్లకు డబ్బు కావాలి. మనం వెతుకుతున్న జవాబు ఆ డబ్బు దగ్గరే ఉంది.

యూహెచ్ఎల్‌లో జీతాలకు సీలింగ్ ఉండేది. సీజన్ మొత్తానికి జట్టు మొత్తానికి 2.75 లక్షల డాలర్లు. 20 మంది అనుకోండి, తలకు 13,750. అక్టోబరు నుంచి ఏప్రిల్ దాకా ఆడితే వారానికి 500 డాలర్లు అటూ ఇటూ. ఇల్లు జట్టు ఇస్తుంది కాబట్టి బతుకు గడుస్తుంది, అంతకుమించి ఏం మిగలదు. ఈ సీలింగ్ చిన్న ఊళ్లను కాపాడడానికే. డబ్బున్న ఓనరు ఒకడు వచ్చి మంచి ఆటగాళ్లందరినీ కొనేస్తే మిగతా ఊళ్లలో ఆట చచ్చిపోతుంది.

ప్రాసిక్యూటర్లు తర్వాత తేల్చినదాని ప్రకారం ట్రాషర్స్ ఏడాదికి ఖర్చుపెట్టింది సుమారు 7.5 లక్షలు. తలకు 37,500, అంటే పక్క జట్టు కంటే దాదాపు మూడింతలు. తేడా ఎలా దాచారంటే, ఆటగాళ్ల పేర్లు, కొందరి విషయంలో వాళ్ల భార్యల పేర్లు గలాంటే చెత్త కంపెనీల జీతాల పట్టీల్లో ఎక్కించారు. పేరుకు ఉద్యోగం, పనికి రావక్కర్లేదు. అచ్చంగా బినామీ. జట్టు నుంచి లీగుకు వెళ్లే కాగితంలో మాత్రం అంతా సీలింగు లోపలే.

ఆ కాగితం ఎలా ఉంటుందో నాకు తెలుసు, నేనూ అలాంటివి నింపినవాణ్నే. లీగు నియమాలను బట్టి ఆటగాడి పేరు, ఆ వారం జీతం, కింద మొత్తం, ఒక సంతకం. లీగు ఆఫీసులో దాన్ని చూసేది ఒకరో ఇద్దరో. ఆటగాడి భార్యకు బయట ఎక్కడ ఉద్యోగముందో వాళ్లు ఎందుకు వెతుకుతారు? మొత్తం నమ్మకం మీద నడిచే వ్యవహారం. పక్క జట్లకు అనుమానం లేకపోలేదు. ఇంత మంచి ఆటగాడు ఐదు వందలకు ఎందుకు ఒప్పుకున్నాడన్న ప్రశ్న హాకీలో ఉన్న ఎవరికైనా వస్తుంది. అనుమానంతో పని జరగదు కదా.

మామూలుగా ఇది లీగు జరిమానాతో పోయే తప్పు. కానీ తప్పుడు లెక్కను రాష్ట్రం దాటించి ఫోను తీగల మీదుగా పంపితే అమెరికా చట్టంలో అది వైర్ ఫ్రాడ్. ఫెడరల్ నేరం. దానికోసమే ఎఫ్‌బీఐ వచ్చిందా అంటే కాదు. వాళ్లు వచ్చింది చెత్త కోసం, హాకీ మధ్యలో దొరికింది.

ఇప్పుడు మాఫియా దగ్గరికి వద్దాం. మన ఊళ్లలో కాంట్రాక్టర్లు రింగై టెండర్లు పంచుకుంటారు చూశారా, అక్కడ చెత్త ఎత్తే కంపెనీలదీ అదే తంతు. ఒకరి కస్టమరును ఇంకొకరు ముట్టుకోకూడదు. ఒక హోటలు తన చెత్త ఎత్తడానికి నలుగురిని రేటు అడిగితే నలుగురూ కూడబలుక్కుని ముందే అనుకున్నవాడి కంటే ఎక్కువ చెబుతారు. మాట తప్పినవాడికి బెదిరింపు. ఆ బెదిరింపుకు పస ఉండాలంటే వెనక ఒక పేరు కావాలి. ఆ పేరు మాథ్యూ ఇయనియెల్లోది. న్యూయార్క్ జెనోవీస్ మాఫియా కుటుంబంలో పెద్ద తలకాయ, జనం నోట్లో 'మ్యాటీ ద హార్స్'. గలాంటే ఆయనకు మూడు నెలలకోసారి 30 వేల డాలర్ల మామూళ్లు ముట్టజెప్పేవాడు. ఏడాదికి 1.2 లక్షలు. హాకీ సీలింగులో దాదాపు సగం!

ఎఫ్‌బీఐ ఫోన్లు విన్నది. 2005 జూలైలో, అంటే రెండు సీజన్లకు నడుమ, గలాంటే ఆఫీసుల మీద సోదాలు జరిగాయి. ఫైనల్ దాకా వెళ్లిన ఆ రెండో సీజన్ మొత్తం నెత్తిన కత్తి వేలాడుతుండగానే ఆడారన్నమాట. 2006 జూన్‌లో, ఫైనల్ ఓడిన కొద్ది వారాలకే, అరెస్టులు. 29 మంది మనుషులు, 10 కంపెనీల మీద అభియోగాలు. జట్టు అక్కడితో ఆగిపోయింది. కొత్త ఓనరు ఎవరూ రాలేదు. ఆ తీగ లాగితే ఎంత డొంక కదిలిందంటే, రాష్ట్ర సెనేట్‌లో మైనారిటీ పక్ష నాయకుడు తన మనవరాలి భర్తను బెదిరించమని గలాంటేను కోరిన సంగతి కూడా బయటపడి, 2007 నవంబరులో ఆయన రాజీనామా చేయాల్సి వచ్చింది.

గలాంటే 2008 జూన్‌లో నేరాలు ఒప్పుకున్నాడు. మూడు కుట్రలు: రాకెటీరింగ్ (ముఠా నేరాల) చట్టం కింద ఒకటి, పన్ను శాఖను మోసగించినందుకు ఒకటి, వైర్ ఫ్రాడ్ కింద మూడోది. ఈ మూడోదే హాకీ లీగుకు పంపిన దొంగ జీతాల లెక్క. సెప్టెంబరులో 87 నెలల శిక్ష పడింది. 25 చెత్త కంపెనీల్లో వాటాలు ప్రభుత్వపరమయ్యాయి. 2014లో బయటికొచ్చాడు. ఒక చిన్న లీగు జీతాల సీలింగు దాటినందుకు ఫెడరల్ కోర్టులో నేరం ఒప్పుకున్న ఓనరు నాకు తెలిసినంతలో ఈయన తప్ప ఇంకొకడు లేడు.

సరే, మీ అసలు ప్రశ్న: జనం వస్తుంటే ఎందుకు మూతపడింది? ఓనరు జైలుకెళ్లాడు కాబట్టి అని అందరూ చెబుతారు. అది సగమే. ఓనరు జైలుకెళ్లినా బాగా నడిచే వ్యాపారాన్ని ఎవరో ఒకరు కొంటారు. దీన్ని ఎందుకు కొనలేదో చూడండి. నిండు అరీనా అనుకుని ఒక ఊహా లెక్క వేద్దాం. మ్యాచ్‌కు 2,500 మంది, టికెట్టు 15 డాలర్లు, సొంతూళ్లో 38 మ్యాచ్‌లు. కూడితే 14.25 లక్షలు. వినడానికి బాగుంది. ఇందులో బీమా, అద్దె, ఇల్లినాయి దాకా రాత్రంతా నడిచే బస్సులు, ఆఫీసు సిబ్బంది పోతే నిఖార్సయిన సీలింగులో ఆడే జట్టు ఏదో తట్టుకుంటుంది. మూడింతల జీతాలిచ్చే జట్టు తట్టుకోదు. అరీనా నిండింది ఆ మూడింతల జట్టును చూడడానికే. కొత్తగా కొనేవాడికి దక్కేది 13,750 డాలర్ల జట్టు, జనానికి అలవాటైంది 37,500 డాలర్ల జట్టు. పైగా ఆ అరీనాలో సీట్ల దగ్గర్నుంచి ఆటగాళ్ల బతుకుదాకా అన్నీ ఒక్క జేబు మీద నిలబడ్డాయి. ఆ జేబు కోర్టు చేతికి పోయింది.

మీరు ఒక్కసారి ఆ 2006 వేసవినే పట్టి చూడండి. యూహెచ్ఎల్‌లో ఉన్న 14 జట్లలో ఆరు పోయాయి. ట్రాషర్స్‌తో పాటు ఆడిరాండాక్ ఫ్రాస్ట్‌బైట్, మోటార్ సిటీ మెకానిక్స్, మిస్సోరీ రివర్ ఆటర్స్, రిచ్‌మండ్ రివర్‌డాగ్స్, రోనోక్ వ్యాలీ వైపర్స్. మిగతా ఐదింటి కోసం ఎఫ్‌బీఐ రాలేదు, డాక్యుమెంటరీలూ రాలేదు. రోనోక్ జట్టయితే ఒక్క సీజనే ఆడింది. మెకానిక్స్ సరిగ్గా ట్రాషర్స్ లాగే 2004లో మొదలై 2006లో పోయింది. ఫ్రాస్ట్‌బైట్ కూడా ఆ పేరుతో ఆడింది ఆ రెండేళ్లే. లీగు కూడా మరుసటి ఏడాది పేరు మార్చుకుని 2010 దాకా లాగి ఆగిపోయింది. అందుకే గలాంటే నిజాయతీపరుడై ఉంటే ట్రాషర్స్ ఇప్పటికీ ఉండేదేమో అని అభిమానులు అంటే నేను ఒప్పుకోను. నిజాయతీపరుడైతే ఆ జట్టు పుట్టేదే కాదు. పుట్టినా ఫ్రాస్ట్‌బైట్ పక్కన ఇంకో మరిచిపోయిన పేరయ్యేది.

"పిల్లాడి చేతికి ఇచ్చి చెడగొట్టారు" అనేవాళ్లూ ఉన్నారు. అది అన్యాయం. నేను చూసిన మేనేజర్లలో నెరిసిన తలలున్నవాళ్లు కూడా రెండేళ్లలో ఊరి జనాన్ని అంతగా అరీనాకు రప్పించలేదు. ఏ ఆటగాడు జనానికి నచ్చుతాడో ఏజేకు బాగా తెలుసు. తెలియంది, లేక తెలియనట్టు ఉండిపోయింది, డబ్బు ఎక్కడ్నుంచి వస్తోందన్నదే. ఏజే మీద ఏ కేసూ పెట్టలేదు. తర్వాత అదే డాన్‌బరీలో బాక్సింగ్ జిమ్ పెట్టుకున్నాడు, బాక్సర్లకు మేనేజరుగా ఉంటాడు.

అరీనా కూడా ఖాళీగా లేదు. తర్వాత మ్యాడ్ హ్యాటర్స్ అని ఒక జట్టు ఒక్క సీజన్ ఆడింది. 2010 నుంచి 2015 దాకా డాన్‌బరీ వేలర్స్, ఆ తర్వాత రెండేళ్లు టైటన్స్. 2019 నుంచి హ్యాట్ ట్రిక్స్ అనే జట్టు ఫెడరల్ ప్రాస్పెక్ట్స్ హాకీ లీగులో ఆడుతోంది. 2023లో ఆ లీగు కప్పు కూడా గెలిచింది. ఆ వైపు ఉండే మనవాళ్లు ఎవరైనా చలికాలం శనివారం రాత్రి వెళ్లి చూడొచ్చు. పిల్లలతో వెళ్తే 102వ సెక్షన్‌కు కాస్త దూరంగా టికెట్లు తీసుకోండి.